లారీల వెనక మాణిక్యం పేరు

మాణిక్యం కౌంటర్లో ఉన్న రోజున బిల్లు చూసి ఎవరూ గుండెలు బాదుకోరు. సూర్యారావుపేటలో ఆస్పత్రి అది, పేరెందుకు లెండి. "ఇది మంచానికండీ, ఇవి మందులు, ఇది డాక్టరుగారిది. అర్థమయ్యేదాకా సంతకం పెట్టకండి" అని పెన్ను కొసతో ఒక్కొక్కటీ చూపించి మరీ చెబుతుంది. పదకొండేళ్ళుగా అదే పని.

ఇంట్లో మాత్రం పెళ్ళయి ఇరవై రెండేళ్ళయినా మాటకి కరువు. మొగుడు బసవపున్నయ్య ఆటోనగర్లో లారీల మీద అక్షరాలు రాస్తాడు. బంగారంలాంటి మనిషే, కానీ నోరు విప్పడు. నోట్లో ఆగిన మాట బ్రష్షులోంచి దిగేది. "హారన్ ప్లీజ్" అని రాస్తే, రంగు ఆరేసరికి "మాణిక్యం, పొద్దున కసురుకున్నాను, మనసులో పెట్టుకోకు" అని ఉండేది. ఓనర్లు ఏమీ అనేవాళ్ళు కాదు. వాళ్ళూ పెళ్ళయినవాళ్ళేగా! పైన వార్నిష్ వేయించుకుని బండి తీసేవాళ్ళు.

మాణిక్యం బస్సులో కిటికీ సీటు కోసం పోట్లాడేది అందుకే.

మూడు నెలలుగా ఏ లారీ మీదా ఆమె పేరు లేదు. బసవపున్నయ్య నంబరు ప్లేట్లు తప్ప ఇంకేం రాయడం లేదు. అంకెల్లో ఏ మాట దూరుతుంది? తన మీద మనసు విరిగిపోయిందేమోనని మాణిక్యం కుమిలిపోయింది. అడగొచ్చుగా? అబ్బే! ఊరందరికీ అరటిపండు ఒలిచి చేతిలో పెట్టినట్టు చెప్పే మనిషి, సొంత మొగుడి ముందు "కూర వెయ్యనా" దగ్గరే ఆగిపోయేది.

ఆ శుక్రవారం సాయంత్రం గుణదల దగ్గర బస్సు ఆగింది. ముందు ధాన్యం లారీ. ఊరి పేరు రాయాల్సిందేనని ఓనరు పట్టుబట్టి ఉంటాడు. పామర్రు అని ఉండాల్సిన చోట ఎర్ర రంగుతో ఇలా ఉంది: "మాణిక్యం, గుండెకి ఆపరేషన్ అన్నారు. చేయించుకోను. నీకు చెప్పలేను."

మాణిక్యం బస్సు దిగి ఆటో ఎక్కింది.

షెడ్డులో బసవపున్నయ్య డబ్బా మూత బిగిస్తున్నాడు. "ఏదీ, ఆస్పత్రి వాళ్ళిచ్చిన కాయితం ఇటివ్వండి" అంది. అతను చొక్కా జేబులోంచి తీశాడు. భార్య కంట పడకూడదని వేరే ఆస్పత్రికి వెళ్ళి తెచ్చుకున్న ఎస్టిమేట్ అది.

"అడ్వాన్సు ఇందులోదేనండీ, మీరు మళ్ళీ కలిపారు. ఈ ఏసీ గది వద్దు, జనరల్ వార్డు చాలు. చాలావరకు ఆరోగ్య కార్డు మీద అయిపోతుంది. నన్నడిగితే నోటి ముత్యాలు రాలిపోతాయా?"

"ఇల్లు కట్టుకోవాలని నీ ఆశ కదా. స్థలం అమ్మాల్సొస్తుందని..."

"నా ఆశేంటో నన్నడిగారా మీరు?" మాణిక్యానికి ఏడుపు ఆగలేదు. "మీ గొంతుతో నా పేరు విని ఎన్నాళ్ళయిందో తెలుసా? ఊళ్ళో లారీలన్నీ పిలిచాయి, మీరు తప్ప!"

బసవపున్నయ్య చేతులు తుడుచుకున్నాడు.

"మాణిక్యం," అన్నాడు. "నాకు భయమేస్తోంది. నీతో ఇంకొన్నాళ్ళు ఉండాలనుంది."

బుధవారం పొద్దున ఆపరేషన్‌కి స్ట్రెచర్ మీద తోసుకెళ్తుంటే కూడా అతను మాట్లాడడం ఆపలేదు. పెళ్ళిచూపుల నాటి ఆకుపచ్చ చీర, ఆమె చేసే చింతచిగురు పప్పు, ఏదో ఒకటి చెబుతూనే ఉన్నాడు.

"మాట్లాడకండి, అలసిపోతారు" అని నర్సు కసిరింది.

మాణిక్యం స్ట్రెచర్ పట్టుకుని పక్కనే నడుస్తోంది.

"మాట్లాడనివ్వమ్మా," అంది. "ఇంకా నాకు ఇరవై రెండేళ్ళవి బాకీ ఉన్నాయి."