మూగబోయిన పెట్టె

కళ్లజోడు నెత్తి మీదికి తోసి, మెకానిక్ అక్క పాత కంప్యూటర్ మూత విప్పుతోంది. ఈ దుకాణంలో ఆమెకు ఇదే ఆఖరి రోజు. సాయంత్రం బస్సుకు చెల్లెలి ఊరు వెళ్లిపోతుంది, అక్కడ ఇద్దరూ కలిసి సొంత దుకాణం తెరుస్తారు. ఈ పూటైనా చేతులు కట్టుకుని కూర్చోమంటే వినే రకం కాదు.

ఎదురుగా స్టూలు మీద టైపిస్టు మాస్టారు. ఆయనకు చూపు లేదు. తెర మీది అక్షరాలను కంప్యూటర్ పైకి చదివితే, విని పని చేసుకుంటారు. డిస్కు పాడై కొత్తది వేశాక అన్నీ బాగానే ఉన్నాయి, శబ్దం మాత్రం రావడం లేదు.

"రేపటికి ఇది మాట్లాడకపోతే ఆఫీసులో నా కుర్చీలో ఇంకొకర్ని కూర్చోబెడతారమ్మా. కొత్త పెట్టె ఇస్తారట గానీ, నాకు చదివిపెట్టే ప్రోగ్రాం అందులో ఎక్కదు."

పొద్దుటి నుంచీ అక్క తంటాలు పడుతూనే ఉంది. పెట్టె మీది కంపెనీ పేరు చూసి, దానికి తగిన సౌండ్ డ్రైవర్లన్నీ వేసింది. లోపలి భాగాన్ని ఎలా పలికించాలో కంప్యూటర్‌కు చెప్పేది ఆ డ్రైవరే. వేసిన ప్రతిసారీ, ఇది సరిపడదంటూ తెర మీద పసుపు గుర్తు వెక్కిరించింది.

ఇప్పుడు మూత తీసి చూస్తే, దుమ్ములో విడిగా ఒక సౌండ్ కార్డు గుచ్చి ఉంది.

"ఇదెవరు పెట్టారు మాస్టారూ?"

"మా బావమరిది. ఎప్పుడో మార్చాడు. చెప్పాల్సిన సంగతి అనుకోలేదు."

"నా బుద్ధి గడ్డి తింది! పైపేరు చూసి లోపలిది అదే అనుకున్నాను."

కార్డు మీది అక్షరాలు అరిగిపోయాయి. అయినా ప్రతి భాగమూ కంప్యూటర్‌కు తన నంబరు చెప్పుకుంటుంది. అక్క ఆ నంబరు పట్టుకుని నెట్‌లో వెతికింది. తయారుచేసిన కంపెనీ ఎప్పుడో మూతపడింది. చివరికి, ఎవరో పుణ్యాత్ముడు ఒక పాత చర్చాపేజీలో దాచిపెట్టిన డ్రైవర్ దొరికింది. వెంటనే ఎక్కించింది.

స్పీకర్ గరగరలాడి, తెర మీది మొదటి బొమ్మ పేరును బొంగురుగా చదివింది: "చెత్తబుట్ట. ఖాళీ."

"చెత్తబుట్ట అన్నా ఎంత చక్కగా అందమ్మా!" మాస్టారు నవ్వుతూనే కళ్లు తుడుచుకున్నారు.

అక్క డ్రైవర్‌ను ఒక సీడీలోకి ఎక్కించి, కవరులో పెట్టి, ఆ కవరును పెట్టె పక్కన టేపుతో అంటించింది. "రేపట్నుంచి నేనుండను మాస్టారూ. ఎవరు బాగుచేసినా ముందు ఇది చేతికివ్వండి."

సంచీ భుజాన వేసుకుని వెళ్లిపోయింది. మాస్టారు పెట్టెను తడిమారు. ఆయన వేళ్లకు తెలిసేలా, కవరు మీద ఒక చొక్కా గుండీ అంటించి ఉంది.