లైసెన్సు మీద బొట్టు

మా చిన్నమ్మ స్వరాజ్యం షెడ్డు శంషాబాద్ నుంచి కొత్తూరు పోయే దారిలో, సర్వీసు రోడ్డు పక్కన ఉంది. అందులో ఎనిమిది మంది ఆడవాళ్లు కరివేపాకు ఏరి, ఐదు కిలోల అట్టపెట్టెల్లో సర్ది, వ్యాను ఎక్కిస్తారు. వ్యాను ఎయిర్‌పోర్టు కార్గోకు పోతుంది. ఇంట్లో డిగ్రీ చదివింది నేనొక్కదాన్నే కాబట్టి కాగితాల పని నాది.

శ్రావణంలో ఒక సోమవారం గేటు ముందు ఎర్రజెండా పాతారు. హమాలీ సంఘం పెద్ద ముత్తయ్య పదిమందితో దారికి అడ్డంగా బల్ల వేసుకుని కూర్చున్నాడు.

"ఈ రోడ్డు మీద బండెక్కే మాలంతా మా సంఘమే ఎక్కించాలె. గదే రివాజు."

"సిమెంటు బస్తాలైతే మీరే గదనే అన్నా. షెడ్డు కట్టిననాడు మిమ్ములనే పిలిస్తి. చంకల పట్టే డబ్బకు హమాలీ ఏంది?" అంది చిన్నమ్మ.

"నీ మొగుడు మా సంఘంలనే మోసిండు. మరిచినవా చెల్లె?"

"మరువలే. నడుం పోయి మంచాన పడ్డనాడు చూసుకున్నది గూడ నేనే."

ముత్తయ్య తల తిప్పుకున్నాడు కానీ బల్ల మీంచి లేవలేదు. లోపల ఆకు నల్లబడింది. చిన్నమ్మ నాలుగుసార్లు ఆయన ఇంటికి పోయింది, ఒప్పుకోలేదు. ఠాణాకు పోతే, మీలో మీరే మాట్లాడుకోండన్నారు. అటు సరుకు కొనేవాళ్లు, వచ్చే శుక్రవారానికి ఆకు రాకపోతే వేరేవాళ్లను చూసుకుంటామన్నారు. వాళ్లు పోతే షెడ్డుకు తాళమే, ఎనిమిది మందికీ పని లేదు.

వకీలు అనుపమ గారు అంతా విన్నారు. "పని మీ మనుషులతో చేయించుకోవడం మీ హక్కు. వాళ్లకు అభ్యంతరం ఉంటే కార్మిక శాఖకు పోవచ్చు, ధర్నా చేసుకోవచ్చు. దారి ఆపకూడదు. పోలీసు రక్షణ ఇప్పించమని హైకోర్టును అడుగుదాం. మున్సిపాలిటీ ఇచ్చిన మీ షెడ్డు లైసెన్సు పట్టుకురండి."

గోడ మీది ఫ్రేము విప్పి చూస్తే లైసెన్సు మీద బొట్టు. నిరుడు దసరాకు కత్తెరలకూ తూకం మిషనుకూ బొట్టు పెడుతూ, అద్దం తీసి మరీ లైసెన్సుకూ పెట్టింది నేనే. తడి పసుపు, దాని మీద కుంకుమ. నంబరూ గడువు తేదీ దాని కిందే ఉన్నాయి. తుడవబోతే కాగితం చిరిగింది.

"డిగ్రీ చదివి గిదేం పని బిడ్డా! దేవునికి కనవడ్డది, జడ్జికి కనవడొద్దా?" చిన్నమ్మ నవ్వింది. నాకు ఏడుపొచ్చింది. "ఏడ్వకు. ఇచ్చినోళ్ల కాడ ఇంకోటి ఉండదా? నడువ్."

మున్సిపల్ ఆఫీసులో అర్జీ నేను రాశాను. ఆమె వేలిముద్ర వేయలేదు, మెల్లగా సంతకం పెట్టింది. ముద్ర వేసిన నకలు చేతికొచ్చేదాకా బెంచీ మీంచి లేవలేదు.

మరుసటి వారం గురువారం హైకోర్టు ఉత్తర్వు వచ్చింది. శుక్రవారం పొద్దున ఎస్సై ఇద్దరు కానిస్టేబుళ్లతో గేటు దగ్గరికి వచ్చాడు. చిన్నమ్మ అడిగితే ఉత్తర్వులో ఉన్నది అందరికీ వినిపించేలా తెలుగులో చెప్పాను: వ్యానుకు ఎవరూ అడ్డు రాకుండా పోలీసులు చూడాలి. సంఘం శాంతియుతంగా నిరసన తెలుపుకోవచ్చు.

"కోర్టు దాక పోతివా?" అన్నాడు ముత్తయ్య.

"నీ ఇంటికి నాలుగుసార్లు వచ్చినంకనే పోయిన అన్నా."

ఒక కానిస్టేబులు జెండా పీకడానికి కర్ర పట్టుకున్నాడు. చిన్నమ్మ గబగబా ముందుకు వచ్చింది.

"జెండ ముట్టకుండ్రి సార్. దారి ఇయ్యాలని ఉంది గని, జెండ పీకాలని యాడుంది? చూడు బిడ్డా, ఉందా?"

"లేదు చిన్నమ్మా," అన్నాను.

ఎస్సై కాగితం అందుకుని మళ్లీ చదివాడు. కానిస్టేబులును వెనక్కి రమ్మన్నాడు.

ముత్తయ్య ఆమెనూ జెండానూ మార్చి మార్చి చూశాడు. చివరికి లేచాడు. "పట్టుండ్రి," అన్నాడు తనవాళ్లతో. నలుగురు బల్లనెత్తి ప్రహరీ పక్కన వేశారు.

"అన్నా, బల్ల మోసిన కూలి ఎవల్ని అడుగుతరే?" లోపలి నుంచి ప్యాకింగ్ చేసే భాగ్యమ్మ అరిచింది.

"నిన్నే అడుగుత, ఆగు!" ముత్తయ్యకూ నవ్వాగలేదు.

ఆడవాళ్లు పెట్టెలెక్కించారు. జెండా పక్క నుంచి వ్యాను రోడ్డెక్కింది. అది మలుపు తిరిగేదాకా చిన్నమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నిలబడింది.

సాయంత్రం కొత్త నకలును ఫ్రేములో పెట్టాను. ఆమె కుంకుమ భరిణె తెచ్చింది. నేను చెయ్యి అడ్డం పెట్టబోయాను.

"నాకెరుక తియ్," అని ఫ్రేము చెక్కకు బొట్టు పెట్టింది.