గుద్దుకో మాట

బల్ల మీద పరిచిన గుడ్డపై కలంకారీ అచ్చు పెట్టి, దాని వీపున పిడికిలితో మూడు గుద్దులు గుద్దాలి. మూడూ ఒకే బరువుతో పడకపోతే పువ్వు చెదిరిపోతుంది. అందుకే గుద్దుకో మాట అనుకుంటాను. "కరక్కాయ కారెక్కింది, పటిక పరారైంది, బెల్లం బందరెళ్లింది!" అర్థం అడక్కండి, లేదు. అవన్నీ మా రంగుల్లో పడే సరుకులు, అంతే. పద్దెనిమిదేళ్లుగా పెడనలో మా ఆయన ఈశ్వరప్రసాద్ గారి షెడ్డులో ఇలాగే గుద్దుతున్నాను. జీతం అడిగితే "ఇంట్లో మనిషికి జీతమేంటే?" అంటారు. "ఆ పిచ్చి వాగుడు ఆపమ్మా, బేరానికొచ్చినవాళ్లు నవ్విపోతారు" అనేవారు మా అత్తగారు. ఉక్రోషం వచ్చేది. అయినా గొంతు తగ్గించేదాన్ని.

మొన్న వేసవిలో మా అక్క కూతురు లహరి నేను అచ్చు గుద్దుతుంటే ఫోన్‌లో వీడియో తీసి నెట్‌లో పెట్టింది. మొహం లేదు, చేతులూ గొంతూ మాత్రమే. వారం తిరిగేసరికి ఎక్కడ విన్నా అదే. మ్యాచ్ ఓడితే బెల్లం బందరెళ్లింది. పెళ్లికొడుకు ఆలస్యమైతే కరక్కాయ కారెక్కింది. గుడివాడ బస్సు దారిలో ఆగిపోతే వెనక సీటు కాలేజీ పిల్లలు "పటిక పరారైంది" అని అరిచారు. ముందు సీట్లో నేనే ఉన్నాను. కొంగు అడ్డం పెట్టుకుని ఒకటే నవ్వు.

తర్వాత ఆ మాట ఎక్కడ పుట్టిందో ఆరా తీస్తూ విజయవాడ నుంచి ఓ ఛానెల్ అమ్మాయి మా షెడ్డుకి వచ్చింది. మా ఆయన ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, "మా తాతగారి మాటండీ అది, నేనే సానబట్టాను" అన్నారు. టీ ట్రే పట్టుకుని గుమ్మంలోనే ఆగిపోయాను. ఒళ్లు మండిపోయింది. ఇంత చాకిరీలో నాదంటూ మిగిలింది ఆ మాటొక్కటే.

"అచ్చు వేస్తూ ఒక్కసారి అనండి సార్" అందా అమ్మాయి.

ఆయన బల్ల దగ్గర నిలబడ్డారు. మాట ముందు, గుద్దు వెనక. గుడ్డంతా రంగు అలికేశారు. నేను ట్రే తీసుకెళ్లి ఆయన చేతుల్లో పెట్టి, అచ్చు అందుకున్నాను. ఈసారి గొంతు తగ్గించలేదు. పువ్వు నిఖార్సుగా పడింది.

"ఆ వీడియోలో గొంతు మీదేనా ఆంటీ!"

"మాట కూడా నాదేనమ్మా."

"ఎవరిదైతే ఏంటండీ, మా ఇంటి మాటే కదా" అన్నారాయన.

"ఇంటిది కాదండీ. నాది."

అమ్మాయి ఫోన్ తీసింది. "పేరేం వెయ్యమంటారు? ఈశ్వరప్రసాద్ గారి భార్య అనా?"

"భ్రమరాంబ అని వెయ్యమ్మా. ఆయన పేరు కూడా కావాలంటే, కింద భ్రమరాంబ గారి భర్త అని వెయ్యి."