చివర ఒక గడియ

నా బొమ్మల సినిమాలో ఉన్నదల్లా ఒక చదరపు గడి, అందులో ఒక మనిషి. అయిదు గీతలు, ఒక సున్నా, పేరు పుల్లయ్య. రెండు నిమిషాలపాటు గోడలు తోస్తాడు, ఎగురుతాడు, పాకుతాడు, బయటపడలేడు. చూసినవాళ్ళు కంటతడి పెట్టాలని నా పంతం. పెడితే స్టూడియోలో ఉద్యోగం. లేదంటే జీవితమంతా సబ్బు ప్రకటనలకు నురగ గీసుకుంటూ బతకాలి.

పద్నాలుగు వందల నలభై కాగితాలూ పెన్సిలుతో గీశాక జ్వరమొచ్చి మంచమెక్కాను. వాటిని సిరాతో దిద్ది, ఫొటోలు తీసి పంపే పని మా వదిన నెత్తిన పడింది. ఆఖరి బొమ్మ కాసేపు కదలకుండా నిలవాలని పై కాగితం మీద ఒక ముక్క రాసిచ్చాను: "చివర ఒక గడియ ఉంచాలి."

స్టూడియో హాల్లో వదిన పక్కన నేను కూర్చోగానే దీపాలు ఆరాయి. తెర మీద పుల్లయ్య. అతని గడికి కుడి చివర, లోపలివైపు, శుభ్రంగా ఒక తలుపు గడియ!

నేనది గీయలేదు. పుల్లయ్య మిగతా మూడు గోడలతో కుస్తీ పడుతున్నాడు. మధ్యలో వేదనతో కుడి గోడకు వీపు రుద్దుకునేలా గీశాను. ఇప్పుడది గడియతో హాయిగా వీపు గోక్కుంటున్నట్టుంది. ముందు వరుసలో స్టూడియో యజమానురాలు లేచి నిలబడింది.

"వెనక్కి తిరగవయ్యా బాబూ!"

హాలంతా పొట్ట చెక్కలయ్యేలా నవ్వింది. సిగ్గుతో చచ్చిపోతూనే నేనూ నవ్వాను. ఆపుకోవడం నా వల్ల కాలేదు.

"వదినా, గడియంటే క్షణం!" అన్నాను కళ్ళు తుడుచుకుంటూ.

"గడియంటే గడియే. చివర ఉంచమన్నావు, చివరే ఉంచాను. మనిషి లోపలుంటే గడియ లోపలే కదా వేసుకుంటాం? అన్ని కాగితాల మీదా పెట్టేసరికి నా వేళ్ళు పడిపోయాయి తెలుసా!"

యజమానురాలు కొంగుతో కళ్ళు ఒత్తుకుంటూ మా దగ్గరికి వచ్చింది. ఎలాగైతేనేం, కంటతడి పెట్టింది.

"ఆ గడియ ఎవరి ఆలోచనండీ?"

నాదే అని నోటిదాకా వచ్చింది. వదిన వేళ్ళ నిండా ఇంకా సిరా మరకలే.

"మా వదినది," అన్నాను.

"అయితే ఉద్యోగం ఆవిడకే!"

"మరి నేను?"

"మీరూ రండి. ఆవిడ గడియ పెట్టాలంటే ముందు ఎవరో ఒకరు గోడలు గియ్యాలిగా."

ఏడవాలో నవ్వాలో నేను తేల్చుకునేలోపే వదిన అందుకుంది.

"మా ఇద్దరికీ పక్కపక్కనే బల్లలు వెయ్యండి మేడమ్. మావాడు రాసింది నాకు తప్ప ఎవరికీ అర్థం కాదు."