జడ్జిగారొస్తున్నారని చేను సర్దిన అక్క

దర్జీకి తండ్రి మిగిల్చిన ఆస్తల్లా ఒక్క చేను. తెల్లమట్టి తవ్వే కంపెనీవాళ్లు దాన్ని కౌలుకు తీసుకుని, ఏనుగుల మంద పట్టేంత గొయ్యి తవ్వి, మట్టి అయిపోగానే చేతులు దులుపుకుని పోయారు. ఒప్పందం ప్రకారం గొయ్యి పూడ్చి, చేనును చేనుగా అప్పగించాలి. దర్జీ కోర్టుకెక్కితే ఎప్పుడో పూడ్చేశామని బొంకారు. ఆ బొంకు చెప్పేటప్పుడు కంపెనీ లాయరు రెప్ప కూడా వెయ్యలేదు, మహానుభావుడు! చివరికి జడ్జిగారు విసుగెత్తి, "ఎందుకీ గొడవ? నేనే వచ్చి చూస్తా" అన్నారు. దర్జీ ఎగిరి గంతేశాడు. ఆ గొయ్యి కంటపడ్డాక ఇంక కేసేముంది?

ఆ ముక్క కడుపులో దాచుకోలేక వెళ్లి అక్కతో చెప్పాడు, బుద్ధి తక్కువై.

ఇంటికి ఎవరైనా వస్తున్నారంటే ఆ అక్కకి పూనకం వస్తుంది. కరెంటు మీటరు చూసేవాడొచ్చినా సరే, గుమ్మం కడిగి, దుప్పట్లు మార్చి, చిందరవందరగా ఉన్నదంతా మంచం కిందికి తోసేస్తుంది. వీధిలోవాళ్లు చీపురక్క అంటారు. అలాంటిది సాక్షాత్తు జడ్జిగారే వస్తుంటే ఊరుకుంటుందా?

మర్నాడు జడ్జిగారినీ కంపెనీ లాయర్నీ వెంటబెట్టుకుని చేనుకొచ్చిన దర్జీ కొయ్యబారిపోయాడు. తెల్లటి మట్టిదిబ్బల మీద ప్లాస్టిక్ పచ్చగడ్డి తివాచీలు, అద్దె సామాన్ల కొట్టువి. వాటి చుట్టూ వీధంతా తిరిగి అడిగి తెచ్చిన పూలకుండీలు. గొయ్యికి అడ్డంగా తీగ కట్టి, దాని మీద పచ్చటి గుడ్డ. అది తన కొట్టులోదే, స్కూలు యూనిఫారాలకని కొన్న కొత్త తాను! మధ్యలో కుర్చీ, మంచినీళ్లు.

"అక్కా, నా కొంప ముంచావే!" అన్నాడు ఆవిణ్ణి పక్కకి లాగి.

"నోర్ముయ్. పెద్దమనిషి వస్తుంటే ఆ దరిద్రం చూపిస్తారా ఎవరైనా?"

జడ్జిగారు కుర్చీలో కూర్చుని చుట్టూ చూశారు. "బాగానే ఉందే! దీనికేమైంది?"

లాయరు తెల్లబోయాడు. ఒక్క క్షణమే. వెంటనే తేరుకుని, "అదే కదండీ మేం మొత్తుకునేది! ఈ పచ్చదనం, ఈ మొక్కలు, ఇదంతా మా కంపెనీ కష్టమే. నెలల తరబడి పనిచేశాం" అన్నాడు.

చేను పోయింది, ఇక జన్మలో రాదు అనుకున్నాడు దర్జీ. నెత్తిన చెయ్యి పెట్టుకుని అక్కడే కూలబడ్డాడు.

"ఏంటీ, మీ కష్టమా?" అక్క గొంతు వీధి చివరిదాకా వినిపించి ఉంటుంది. "తెల్లారకముందే లేచి నడుం విరిగేలా చాకిరీ చేసింది నేనైతే, మధ్యలో నువ్వెవడివయ్యా? ఈ కుండీ ఎవరిదో చెప్పు చూద్దాం! చెప్పలేవు. పళ్ల డాక్టరుగారిది! ఈ తివాచీ వెనక ఎవడి పేరుందో చదువు!" అంటూ తివాచీ లాగి దులిపింది. తెల్లదుమ్ము గుప్పున లేచి జడ్జిగారు వరసగా తుమ్మారు. "ఇదిగో, ఈ గుడ్డ మా తమ్ముడిది!" అని తీగ పట్టుకుని ఒక్క గుంజు గుంజింది.

గుడ్డంతా జారిపోయి గొయ్యి బయటపడింది. దాని అంచునే నిలబడి ఉన్న లాయరు కెవ్వుమని జడ్జిగారి చెయ్యి పట్టుకున్నాడు. ఇన్నాళ్లూ తిట్టుకున్న ఆ గొయ్యిని చూసి దర్జీకి ప్రాణం లేచొచ్చింది.

జడ్జిగారు లాయరు చెయ్యి విడిపించుకుని కిందికి తొంగిచూశారు. "ఇంత సర్దారు కదమ్మా, దీన్ని మాత్రం గుడ్డ కట్టి వదిలేశారేం?"

అక్క కోపం ఉన్నట్టుండి దిగిపోయింది.

"ఇక్కడ మా నాన్న జొన్న వేసేవాడండీ. ఎంత సర్దినా ఆ చేను మాత్రం రాలేదు" అని బావురుమంది.

జడ్జిగారు లాయరు వైపు తిరిగారు. "నెలల తరబడి పనిచేశామన్నారుగా? ఇప్పుడు చెయ్యండి. ఇది పూడ్చి, మంచి మట్టి వేసి, జొన్న పండించి చూపించేదాకా మీ కంపెనీని వదిలేది లేదు."

అక్కను తిట్టడానికి దర్జీ చాలా మాటలే దాచుకున్నాడు. అవన్నీ మింగేసి, ఆవిడ చెయ్యి పట్టుకుని తనూ ఏడ్చేశాడు.