ఇంట్లో ఎవరికి నొప్పులు?

మాత్రల పట్టీని కత్తెరతో ఆరేసి చొప్పున కత్తిరించి, కాగితపు కవర్లలో వేసి, కవరు మీద పూటలు రాస్తోంది మందులక్క. కుక్కల ఆసుపత్రిలో మందుల కిటికీ వెనక నిలబడటం మొదలుపెట్టి ఇరవై రెండేళ్ళయింది. సాయంత్రానికి కాళ్ళు ఉబ్బుతాయని చెప్పులు ఒక సైజు పెద్దవే కొనుక్కుంటుంది. కత్తెర పట్టే వేలికి కాయ కాసింది. డాక్టరు రాసింది లెక్కపెట్టి ఇవ్వడమే ఆమె పని. కానీ కవరు చేతికిచ్చే ముందు ఒక ప్రశ్న అడిగి తీరుతుంది.

"ఇంట్లో ఎవరికి నొప్పులు?"

"మందు కుక్కకా, మా అత్తగారికా?" అని జనం ఎకసెక్కాలాడతారు. ఇంటికొచ్చిన చుట్టాలకు మంచినీళ్ళకన్నా ముందు ఈ ప్రశ్నే అందుతుందని కూతురు దెప్పుతుంది. ఆమె పట్టించుకోదు. కొత్తలో తనూ అందరిలాగే, "వేరే మందులేమైనా వేస్తున్నారా?" అనే అడిగేది. లేదనేవారు. అది అబద్ధమూ కాదు. తమ నడుంనొప్పి మాత్రలో సగం విరిచి కుక్క నోట్లో వేయడం వాళ్ళ లెక్కలో మందు వేయడం కాదు, ముద్దు చేయడం. అలా లేదన్న ఒకావిడ కుక్క నాలుగో రోజున నెత్తురు కక్కుకుని ఈ గుమ్మంలోనే పోయింది. "నేను అడిగానండీ" అని మందులక్క అందరికీ చెప్పుకుంది. నిజమే, అడిగింది. అయినా మనసు కుదుటపడలేదు. అప్పుడు మార్చింది ప్రశ్నను.

ఇవాళ పదకొండింటికి దర్జీ వచ్చాడు. అరవై దాటిన మనిషి. చేతుల్లో ముసలి కుక్క, దాని వెనక కాళ్ళు వేలాడుతున్నాయి. "పోయిన వారం ఎంచక్కా నడిచిందమ్మా" అంటూ చీటీ అందించాడు. కీళ్ళ వాపుకొక మాత్ర, నరాల నొప్పికొకటి. ఆ రెండూ కలిపి వేయవచ్చు, పేచీ లేదు. వాపు మాత్రకు అదే జాతిది ఇంకొకటి తోడైతేనే కడుపులో పుళ్ళు పడతాయి, మూత్రపిండాలు చెడతాయి.

"ఇంట్లో ఎవరికి నొప్పులన్నయ్యా?"

"ఎవరికీ లేవమ్మా. ఉన్నది నేనొక్కణ్ణే, రాయిలా ఉన్నాను."

కవరు ఇచ్చేసింది. అతను వెనుదిరగబోతుంటే కుక్క తల మోచేతి మీంచి జారి, పెదవి పక్కకు తొలగింది. చిగుళ్ళు తెల్లగా పాలిపోయి ఉన్నాయి. లోపలెక్కడో నెత్తురు పోతోందన్నమాట.

"ఆగండి! ఆ కవరిలా ఇవ్వండి."

వరుసలో వాళ్ళు గొణిగారు. లోపలి నుంచి డాక్టరు, "ఏమ్మా, మళ్ళీ ఆరాలా? ఇచ్చి పంపించు" అని కేకేశాడు. ఆమె కిటికీలోంచి చెయ్యి చాచి కవరు పట్టుకుంది. దర్జీ వదల్లేదు.

"అది పొద్దుట్నుంచి మూలుగుతోంది తల్లీ! నీకు దణ్ణం పెడతా, వదులు."

"దొడ్డికి నల్లగా వెళ్తోందా?"

"రెండ్రోజుల్నుంచీ. డాక్టరుగారు కాళ్ళ గురించి అడిగారు, అదే చెప్పాను."

"అరిగిన కీళ్ళతో పోయిన వారం ఎలా నడిచింది? ఏం పెట్టారు?"

కవరు చిరిగి మాత్రలు నేలమీద పడ్డాయి. దర్జీ చెయ్యి దించాడు.

"మందేం వేయలేదమ్మా. మా ఆవిడ మోకాళ్ళ మాత్రలు మిగిలిపోతేనూ, రోజుకొకటి..."

"ఎవరికీ నొప్పుల్లేవన్నారు కదా!"

"ఇప్పుడు లేవు కదమ్మా. ఆవిడ పోయి రెండు నెలలైంది."

మందులక్క ఇన్నేళ్ళూ ఉన్నవాళ్ళ నొప్పులే అడిగింది. పోయినవాళ్ళ మందులు అలమరలోనే ఉంటాయని ఒక్కనాడూ తట్టలేదు. తనమీద తనకే ఒళ్ళు మండింది. తలుపు కూడా తట్టకుండా డాక్టరు గదిలోకి దూసుకెళ్ళింది.

డాక్టరు చీటీలో వాపు మాత్ర కొట్టేశాడు. సెలైన్ పెట్టించాడు, కడుపుకు ఇంజెక్షన్ ఇచ్చాడు. ఏ మాత్రో చూడాలని దర్జీని ఇంటికి పంపాడు. అతను పరుగున వెళ్ళి మాత్రల పెట్టె తెచ్చి, కిటికీ గట్టుమీద పెట్టి, కుక్క పక్కన నేలమీద కూలబడ్డాడు. మందులక్క ఒక పక్క కవర్లు కడుతూనే పది నిమిషాలకోసారి వెళ్ళి చిగుళ్ళు చూసి వచ్చింది. అన్నం డబ్బా మూత తీయలేదు.

నాలుగున్నరకు చూస్తే సెలైన్ చుక్కలు ఇంకా పడుతూనే ఉన్నాయి. కుక్క మాత్రం ఊపిరి తీయడం లేదు. ఆమె మెల్లగా సెలైన్ కట్టేసింది.

"నా చేతులతో నేనే పెట్టానమ్మా" అన్నాడు దర్జీ.

"నొప్పి లేకుండా నడిచిన ఆ వారం కూడా మీ చేతులతో పెట్టిందేనన్నయ్యా" అంది మందులక్క.

అతను కుక్కను చొక్కాలో చుట్టి, బనీనుతోనే వీధిలోకి వెళ్ళిపోయాడు. పారేద్దామని మందులక్క గట్టుమీది పెట్టె తీసింది. అట్టమీద, మాత్ర వాడిన రోజుకొకటి చొప్పున టిక్కులున్నాయి: పైన నీలం సిరాతో ఆవిడ పెట్టుకున్నవి, తరువాత కొంత ఖాళీ, కింద దర్జీ ఎర్ర పెన్సిలుతో ఒక్కరోజూ తప్పకుండా పెట్టినవి పదకొండు.