మూయవద్దన్న తలుపు

కీలులో నూనె వేసేటప్పుడు గడియ తాత ఊపిరి బిగబట్టేవాడు. ఒక్క బొట్టు ఎక్కువైతే చెక్క మీదికి జారి మరక కడుతుంది. తక్కువైతే సభ నిండుగా ఉన్న వేళ తలుపు తోక తొక్కిన పిల్లిలా అరుస్తుంది. అందుకే కోడి ఈకను నూనెలో ముంచి, గిన్నె అంచుకు తుడిచి, పసిబిడ్డ చెవిలో మందు వేసినంత ఒద్దికగా కీలు సందులో పెట్టేవాడు. ఆ రోజు మాత్రం ఈక గురి తప్పి చెక్కకు తగిలింది. కోటు చేతి అంచుతో గబగబా తుడిచాడు.

"ఏం బాబాయ్, ఇవాళ గురి తప్పింది? పిన్ని టీ పొయ్యలేదా?" అంది చీపురమ్మ. శాసనసభ హాలంతా ఊడ్చేది ఆమే. అసలు పేరు ఏనాడో చీపురు కిందికి పోయింది.

"పోసింది. దాంతోపాటు నాలుగు తిట్లు కూడా పోసింది."

"ఆ తిట్లు తిని కాదూ నువ్వింకా గట్టిగా ఉన్నావు!"

తాత ఎండుకట్టెలా ఉంటాడు. కుడి భుజం ఎడమదానికన్నా కిందికి దిగి ఉంటుంది. ఏళ్ళ తరబడి అంత బరువు తలుపును నెట్టీ నెట్టీ అలా దిగిపోయింది. బూడిదరంగు కోటుకు కాలరు చిరిగితే భార్య దాన్ని విప్పి, తిరగేసి కుట్టింది. దగ్గరికొచ్చి చూస్తే తప్ప తెలియదు, ఆ సభలో ఆయన దగ్గరికొచ్చి చూసేవాళ్ళూ లేరు.

ఆ తలుపు హాలుకు నడిమి తలుపు. రెండు నిలువుల ఎత్తు, నల్లటి చెక్క, లోపలివైపు చేతి పొడవు ఇత్తడి గడియ. ఏడాదికోసారి దేశాధ్యక్షుడు సభకు వచ్చి మాట్లాడతాడు. ఆయన వస్తున్నాడనగానే తాత ఆ తలుపు మూసి గడియ పెట్టాలి. అది అమర్యాద కాదు, అక్కడి మర్యాదే అది. అధ్యక్షుడు తన చేత్తో తానే తలుపు తట్టాలి. లోపలినుంచి తాత "ఎవరు?" అని అడగాలి. "అధ్యక్షుణ్ణి. లోపలికి రావచ్చా?" అని ఆయన అనాలి. అప్పుడు సభాపతి సభ్యులను అడుగుతాడు. వాళ్ళు రమ్మన్నాకే గడియ తీయడం.

వెనకటికి ఒక ఏలిక సైనికులను వెంటేసుకుని సభలో జొరబడి, తనకు ఎదురు చెప్పినవాళ్ళను జుట్టు పట్టి ఈడ్చుకుపోయాడట. వాడి రోజులు చెల్లాక పెద్దలంతా కూర్చుని ఒక కట్టడి చేసుకున్నారు. రాజ్యం నడిపేవాడు ఒకడు, చట్టాలు చేసేవాళ్ళు ఇంకొకరు, తప్పొప్పులు తేల్చే న్యాయమూర్తులు వేరొకరు. ముగ్గురు తోడికోడళ్ళకు మూడు పొయ్యిలన్నమాట. ఎంత పెద్దకోడలైనా సరే, పక్కావిడ వంటింట్లో గరిటె ముట్టాలంటే గుమ్మంలో నిలబడి అడగాలి. దీన్ని చదువుకున్నవాళ్ళు పుస్తకాల్లో ఎన్నెన్ని పేజీలు రాశారో తాతకు తెలియదు. ఆయనకు తెలిసింది గడియ ఒక్కటే.

ఇప్పటి అధ్యక్షుడికి ఆ పొయ్యిల లెక్క గిట్టదు. కారణం చెప్పకుండా మనుషులను పట్టి లోపల వేయించాడు. అది చెల్లదని న్యాయస్థానం తీర్పు చెప్పింది. ఆయనకు ఒళ్ళు మండింది. నా ఆజ్ఞను ఏ న్యాయస్థానమూ ప్రశ్నించరాదని మీరొక చట్టం చేయండి అంటూ ఇవాళ తానే సభకు బయలుదేరాడు.

నిన్న సాయంత్రం భద్రతాధికారి తాత ఇంటికే వచ్చాడు. ఇల్లంటే సభ వెనక ప్రహరీగోడకు ఆనుకున్న రెండు గదుల క్వార్టరు. తాత భార్య కొంగుతో కుర్చీ తుడిచింది. అతను కూర్చోలేదు.

"రేపు తలుపు మూసే పని లేదు. బార్లా తెరిచి పెట్టు. ఆయనకు ఆ నాటకాలు నచ్చవు."

"సభాపతి గారు..."

"ఆయనకూ చెప్పాం. పొరపాటున మూశావో, ఎల్లుండికి ఈ ఇల్లు నీది కాదు. పింఛను మాట కూడా మర్చిపో. అమ్మా, నువ్వైనా చెప్పు మీ ఆయనకు."

ఆమె చెప్పింది. తెల్లవారాక టీ గ్లాసు చేతికిచ్చి మరీ చెప్పింది. మోకాళ్ళు అరిగి, గోడ పట్టుకుని నడిచే మనిషి. ఆ తలుపును ఆమె "నా సవతి" అంటుంది. "పో, పోయి నా సవతికి నూనె పెట్టి తల దువ్వు" అని రోజూ సాగనంపుతుంది. ఆ పొద్దున మాత్రం ఎగతాళి లేదు. ఆయన కుడిచెయ్యి తీసుకుని తన నెత్తిన పెట్టుకుంది.

"నా మీద ఒట్టు. మూయనని చెప్పు."

"పొద్దున్నే ఒట్లేమిటే?"

"నీ సంగతి నాకు తెలుసు గనక. ఈ వయసులో ఇల్లు పోతే, ఈ కాళ్ళేసుకుని నన్ను ఏ గుమ్మం ఎక్కమంటావు? జీవితంలో ఒక్కసారి, దాని మాట పక్కన పెట్టి నా మాట విను. ఆ రోజు పిల్ల..."

మాట అక్కడ తెగిపోయింది. తెగిన చోటు ఇద్దరికీ తెలుసు.

ఏళ్ళ కిందట వాళ్ళకు ఒక్కతే కూతురు. పాలపళ్ళు ఊడుతున్న వయసు. అధ్యక్షుడు సభకు వచ్చే రోజునే దానికి జ్వరం ముంచుకొచ్చింది. పక్కింటావిడ పరుగున వచ్చి హాలు కిటికీ దగ్గర నిలబడి, "పిల్ల నిన్నే కలవరిస్తోందయ్యా, ఒక్కసారి రా" అంది. అప్పటికే తలుపు మూసి ఉంది, గడియ మీద చెయ్యి ఉంది. అప్పటి అధ్యక్షుడు దారిలో ఎక్కడో ఆలస్యమయ్యాడు. తట్టేవాడు రాకుండా గడియ వదిలిపెట్టి వెళ్ళడమెలా? నిలబడ్డాడు. తట్టాక అడిగాడు, తీశాడు, అప్పుడు పరుగెత్తాడు. ఇంటికెళ్ళి పిల్ల నుదుటి మీద చెయ్యి వేస్తే చల్లగా తగిలింది. జ్వరం దిగిందనుకుని సంతోషపడ్డాడు.

భార్య ఆ రోజుకూ ఈ రోజుకూ ఒక్క నిష్ఠూరం ఆడలేదు. తలుపును సవతి అనడం మాత్రం అప్పుడే మొదలుపెట్టింది.

"సరే," అన్నాడు తాత, చెయ్యి ఆమె నెత్తి మీదే ఉంచి. "మూయను."

సభ్యులు ఒక్కరొక్కరే వచ్చి కూర్చున్నారు. ఎప్పుడూ సంతలా ఉండే హాలు చావింటిలా ఉంది. సభాపతి వచ్చాడు. కొత్తగా గెలిచి మొదటిసారి సభకొచ్చిన నాడు ఈయన భయంతో చొక్కా గుండీలు ఎగుడుదిగుడుగా పెట్టుకుని ఈ తలుపు చాటునే నక్కాడు. తాతే గుండీలు సరిచేసి, మంచినీళ్ళు తాగించి, వీపు మీద ఒక తోపు తోసి లోపలికి పంపాడు. ఇవాళ ఆయన తాత ముఖం చూడకుండా, తలుపుతో మాట్లాడుతున్నట్టు అన్నాడు.

"నీకు చెప్పారుగా తాతా?"

"చెప్పారయ్యా."

"ఒక్కరోజు. కాసేపు కళ్ళు మూసుకుంటే అయిపోతుంది."

"కళ్ళు మూసుకోవచ్చు గానీ తలుపు మూయకూడదన్నమాట," అన్నాడు తాత.

సభాపతి వెళ్ళి తన ఎత్తు కుర్చీలో కూర్చున్నాడు.

తాత తెరిచిన తలుపు పక్కన నిలబడ్డాడు. చేతులు వాటంతట అవి కదులుతాయేమోనని వెనక్కి కట్టుకుని, ఒకదాన్నొకటి గట్టిగా పట్టించాడు. వరండా చివర బూట్ల చప్పుడు మొదలైంది.

ఎందరో అధ్యక్షుల అడుగులు విన్న చెవులు అవి. ఒకాయన కొద్దిగా కుంటేవాడు. ఒకాయన దగ్గేవాడు. ఇంకొకాయన అయితే పరీక్షకెళ్ళే పిల్లవాడిలా "లోపలికి రావచ్చా, లోపలికి రావచ్చా" అని తనలో తాను అనుకుంటూ వచ్చేవాడు. ఎవరైనా సరే, వరండా మలుపు తిరిగి మూసిన తలుపు కనబడగానే అడుగు నెమ్మదించేది. ఎంత గర్విష్ఠికైనా నెమ్మదించేది. తాతకు ఆ నెమ్మదించడం అంటే ఇష్టం. తన బతుకులో తాను దేశానికి చేసిన పని ఏదైనా ఉంటే అది అదేనని ఆయన నమ్మకం.

ఈ అడుగులు మలుపు తిరిగాయి. నెమ్మదించలేదు. వాటి వెనక మరెన్నో బూట్లు.

భార్య నెత్తి వెచ్చదనం ఇంకా అరచేతిలోనే ఉంది. ఆ చేత్తోనే తాత తలుపు నెట్టాడు. కిందికి దిగిన భుజం తన చోటు తాను వెతుక్కుంది. నూనె తాగిన కీళ్ళు కిక్కురుమనలేదు. గడియ పడింది.

హాల్లో ఎవరో "అయ్యో" అన్నారు. బయట బూట్లు ఆగాయి. తలుపు మీద దబదబా బాదారు.

"ఎవరు?" అన్నాడు తాత.

"ముసలోడా, మతిపోయిందా? తియ్యి!" భద్రతాధికారి గొంతు.

"ఎవరు?"

బాదడం ఆగింది. ఆ తర్వాత మరో గొంతు, మెల్లగా, నవ్వుతున్నట్టుగా పలికింది. "నేనెవరో నీకు తెలియదా పెద్దాయనా?"

"తెలుసయ్యా. అయినా తమరు చెప్పాలి."

అంటాడేమో అనిపించింది తాతకు. ఎంతసేపు, మూడు మాటలు. అనేస్తే అందరి పరువూ నిలుస్తుంది. ఆయన సభాపతి కుర్చీ వైపు తిరిగాడు. కుర్చీ ఖాళీగా ఉంది. పొడుగు అంగీ కాళ్ళకు చుట్టుకుంటుంటే సభాపతి మెట్లు దిగి పరుగెత్తుకొస్తున్నాడు.

"జరుగు తాతా! నా కొంప ముంచుతావా?"

"ఆయనింకా అడగలేదయ్యా."

"అడగక్కర్లేదు! తియ్యి!"

"తమరు సభను అడగాలి కదయ్యా. వాళ్ళు రమ్మనాలి కదా."

సభాపతి ఒగరుస్తూ తాత వేళ్ళను గడియ మీదనుంచి ఒక్కొక్కటే ఊడబీకాడు. హాలు నిండా ఉన్న సభ్యులు చూస్తూ కూర్చున్నారు. వెనక వరసలో ఒక పెద్దావిడ లేచి నిలబడింది. అటూ ఇటూ చూసి, మళ్ళీ కూర్చుంది. కంచె చేను మేయడం అందరూ విన్నదే. చేను తానే లేచి వెళ్ళి కంచె విప్పడం ఆ రోజు చూశారు.

అలవాటు లేని చేతుల్లో గడియ కీచుమంది. సభాపతి తలుపు తీసి, నడుం వంచాడు. "క్షమించాలి. మావాడు పెద్దవాడైపోయాడు, మతి సరిగా లేదు."

అధ్యక్షుడు తాత భుజం తట్టాడు. "పాపం, ఇంటికి పంపండి," అని లోపలికి నడిచాడు.

పెద్ద చర్చేమీ జరగలేదు. చేతులెత్తమన్నారు, ఎత్తారు. మూడు పొయ్యిలూ ఒకరి చేతి కిందికి పోయాయి. వెళ్ళేముందు అధ్యక్షుడు తలుపు వైపు చూపించి, ఇకమీదట ఇది రాత్రింబగళ్ళు తెరిచే ఉంటుందని, తన పాలనలో దాపరికం ఉండదని చెప్పాడు. చప్పట్లు కొట్టారు. తాత వేళ్ళూడబీకిన చేతులు కూడా కొట్టాయి.

మధ్యాహ్నానికి హాలు ఖాళీ అయింది. రేపటినుంచి రావద్దని భద్రతాధికారి చెప్పి వెళ్ళాడు. తాత తన ముక్కాలిపీట మీద, తెరిచిన తలుపుకు వీపు ఆనించి కూర్చున్నాడు. పెదవులు పాలిపోయి ఉన్నాయి. చీపురమ్మ టీ తెచ్చి, మూతగా సాసరు బోర్లించి, గడప లోపల నేల మీద పెట్టింది.

"అక్కడ పెట్టకమ్మా, తలుపు తగులు..." అని తాత ఆగిపోయాడు.

ఆమె గ్లాసును అక్కడే ఉంచింది. "తాగు బాబాయ్. వేడిగా ఉంది."

"చల్లారనీ. తాగుతాలే. నువ్వొక పని చేసిపెట్టు. మీ పిన్ని మీద ఒట్టేసి తప్పాను. దానికేమన్నా అయిందేమో, గుండె పీకుతోంది. వెళ్ళి ఒకసారి చూసిరా."

చీపురమ్మ పరుగున వెళ్ళింది. ముసలామె గుమ్మంలోనే కూర్చుని ఉంది. కబురు అప్పటికే చేరినట్టుంది, పక్కన బట్టలమూట కట్టి పెట్టుకుంది.

"మూశాడటగా?"

"మూశాడు పిన్నీ. నీకేమన్నా అయిందేమోనని హడలిపోతున్నాడు."

"నాకేమవుతుంది, గుండ్రాయిలా ఉన్నాను," అంది ఆమె. కొంగుతో ముక్కు తుడుచుకుంది. "పొద్దున ఒట్టు వేయించుకున్నాక నాకే తోచింది. ఇవాళ ఆ తలుపు ఊరికే తెరిచి పెట్టగలిగితే, మరి ఆ రోజు పిల్ల పిలిచినప్పుడు ఎందుకు రాలేదని అడగాల్సి వచ్చేది నేను. ఆ మాట నేను బతికి ఉండగా ఆయన్ని అడగలేకపోయేదాన్ని. మూసి మంచి పని చేశాడు. రమ్మను. తిట్టనని చెప్పు. ఏ గోడ వారనో వండుకు తిందాం."

చీపురమ్మ ఆ మాటలు కొంగున కట్టుకున్నట్టు జాగ్రత్తగా మోసుకొచ్చింది. హాల్లోకి అడుగుపెడుతూనే మొదలుపెట్టింది.

"బాబాయ్! పిన్నికేం కాలేదు. కోపం కూడా లేదు. మంచి పని చేశావంది. లే, పోదాం."

తాత తల తలుపుకు ఆని ఉంది. కుడిచెయ్యి ఒళ్ళో అరచెయ్యి పైకి పెట్టి ఉంది. ఆమె దగ్గరికొచ్చి, ఇంకొంచెం గట్టిగా, "తిట్టనంది బాబాయ్," అంది. ఆ తర్వాత చెయ్యి పట్టుకుని చూసి, చీపురు పక్కన పెట్టి నేల మీద కూలబడింది.

ముసలామె గోడలు పట్టుకుంటూ వచ్చింది. ఎప్పుడూ ఆ హాల్లో కాలుపెట్టని మనిషి. సవతిని మొదటిసారి పైనుంచి కిందిదాకా చూసింది. మొగుడి కాలరు సర్దింది. "ఒట్టు నా మీద వేయించుకుంటే, పోయేది నువ్వా?" అంది.

నలుగురూ కలిసి ఆయన్ని మోసుకెళ్ళారు. ఎవరో పీట కూడా తీసేశారు. గడప లోపల, తలుపు మూస్తే తగిలే చోట, టీ గ్లాసు మీగడ కట్టి సాసరు కింద అలాగే ఉంది. ఆ తలుపు ఇక మూసేది లేదు గనక, దాన్ని ఎవరూ పక్కకు జరపలేదు.